పీట, బకెట్టు, టోపీ సున్నా

వరసగా మూడు పెళ్లిళ్లు తీసి వచ్చిన అన్వర్ కళ్లు చింతనిప్పుల్లా ఉన్నాయి. విడవలూరు బజారులోని తన స్టూడియోలో కంప్యూటరు ముందు కూలబడి, స్క్రీన్ చూసి కళ్లు నులుముకున్నాడు.

"అంతా ఇంగ్లీషులోకి మార్చినాను. బాగుందా?" అంది షాహిస్తా. పెళ్లై ఇరవై రోజులు. కాలేజీలో నేర్చుకున్న ఎడిటింగు మొగుడికి పనికొచ్చిందని ఆమె మొహం వెలిగిపోతోంది.

తడ దగ్గర ఫ్యాక్టరీలో పనిచేసిన కొరియా ఆయన, తన దేశానికి పోతూ అమ్మేసిన కంప్యూటరది. అందులో ఎడిటింగ్ సాఫ్ట్‌వేరు అయిదేళ్లుగా కొరియా భాషలోనే ఉంది. పాపం ఎట్లా నెట్టుకొస్తున్నాడోనని పొద్దున ఆమే మార్చేసింది.

ఇంతలో మునెయ్య గుమ్మంలోకి వచ్చాడు. "అబ్బయా, మా కూతురు చిట్టి అయిదు గంటల బస్సుకి అత్తగారింటికి పోతాది. పెళ్లి వీడియో చేతికిచ్చి పంపిస్తానని వియ్యంకుడికి మాటిచ్చినా. అయినట్టేనా?"

"నాలుగున్నరకి రా మామా."

అప్పటికే మూడు దాటింది. అన్వర్ మౌస్ పట్టుకున్నాడు గానీ చెయ్యి ఎటూ కదల్లేదు.

"చదివితే తెలిసిపోతాది కదండీ."

"నేనెప్పుడు చదివినానే దాన్ని? పీట మాదిరి అక్షరం నొక్కితే ముక్కవుద్ది. టోపీ పెట్టుకున్న సున్నా నొక్కితే మెరుపులొస్తాయి. బకెట్టుండేది నొక్కితే వీడియో బయటికొస్తాది. ఇప్పుడు పీటా లేదు, బకెట్టూ లేదు."

అతను కోప్పడలేదు. కోప్పడే ఓపిక కూడా లేదు. అదే ఆమెకు ఎక్కువ బాధనిపించింది.

గబగబా భాషల జాబితా తెరిచింది. పొద్దున అందులో మొదట వెతికింది తెలుగు కోసమే, లేదు. కొరియా భాష పెట్టి, సాఫ్ట్‌వేరు మూసి తెరిచింది. ఈసారి తెల్లమొహం వేయడం ఆమె వంతైంది.

"మీరు వెనక్కి వాలి చెప్పండి. నేను నొక్కుతాను."

"తలంబ్రాలు అయిపోయిన కాడ ఆపు. పీట నొక్కు... అది బకెట్టే! డిగ్రీ చదివి పీటకీ బకెట్టుకీ తేడా తెలీదా?"

నవ్వొచ్చింది ఆమెకు. అతనికీ వచ్చింది గానీ, ఆవలింతలో కలిసిపోయింది.

అప్పగింతలదాకా చెప్పి, ఆ తర్వాత అతను మాట్లాడలేదు. తిరిగి చూస్తే కుర్చీలోనే నిద్రపోయాడు. లేపబోయి ఆగింది. స్క్రీన్ మీద వెతికి వెతికి, బకెట్టు కనబడగానే నొక్కింది. కింద నీలం గీత మెల్లగా నిండసాగింది.

మునెయ్య వచ్చేసరికి పెన్‌డ్రైవ్ ఆమె చేతిలో ఉంది.

"అన్వరూ..." అని కేకేయబోయాడు.

"మెల్లగా మామా," అంది షాహిస్తా, పెన్‌డ్రైవ్ అతని గుప్పిట్లో పెడుతూ. "ఇప్పుడే కునుకు పట్టింది."