మూడు వందల్లో ఒకటి

ఇరవై మూడో బంతిని తక్కెడలో పెట్టి ద్రాగుటిన్ ఊపిరి బిగబట్టాడు. ఊపిరి తగిలినా అంకె కదిలిపోయే తక్కెడ అది. చిన్న గాజు తలుపు మూసి, అంకె నిలిచేదాకా ఆగి, బంతిని రెండు వేళ్ళతో తీసి ఇత్తడి వలయంలోంచి జార్చాడు. ఎక్కడా పట్టకుండా, ఎక్కడా వదులవకుండా జారింది. దాన్ని ట్రేలో పెట్టి ఇరవై నాలుగు అందుకున్నాడు.

జాగ్రెబ్ నగరంలో ఒక లాటరీ సంస్థ నేలమాళిగలో, కిటికీ లేని గదిలో, ఉద్యోగంలో చేరినప్పటినుంచీ అతను చేస్తున్న పని ఇదే. ప్రతి బంతీ మిగతా బంతుల్లాగే ఉండాలి. ఏ అంకెకీ పక్క అంకె కంటే వెంట్రుకవాసి ఎక్కువ అవకాశం దొరక్కూడదు. ఇక్కడ పని బాగా జరిగిందంటే అర్థం, ఏమీ జరగలేదని. ఏమీ జరగకుండా చూసినందుకు సన్మానాలు ఎవరూ చెయ్యరు కాబట్టి అతనికి సన్మానాలు లేవు. ఉన్నవల్లా ఒక గోధుమరంగు కోటు, గీత పడని కళ్ళద్దాలు, బంతులు పట్టుకుని పట్టుకుని నున్నగా అయిపోయిన బొటనవేలు.

ఆ కోటు ఈమధ్య అతని భుజాల మీద కాకుండా హ్యాంగర్ మీద ఉన్నట్టు ఉంటోంది. బెల్టుకి మేకుతో రెండు కొత్త బెజ్జాలు పొడుచుకున్నాడు. క్లోమగ్రంథిలో ఏదో పెరుగుతోందని సెప్టెంబరులో డాక్టరమ్మ చెప్పింది. ఇంకో ఐదేళ్ళు బతికేవాళ్ళు వందలో ముగ్గురో నలుగురో ఉంటారని, నీళ్ళు నమలకుండా చెప్పింది. జీవితంలో అతను సరిచూసిన ఆటలన్నిటి కంటే ఇది ఎన్నో రెట్లు మెరుగైన అవకాశం. అయినా ఎందుకో ఉత్సాహం కలగలేదు.

ఈ సంగతి ఎవరికీ చెప్పలేదు. తనతోనే ఉండే చెల్లెలు బారిత్సాకి కూడా. తెలిస్తే ఊళ్ళో జనం తన మీద జోకులు మానేస్తారు. గొంతు తగ్గించి మాట్లాడతారు. అది భరించడం కష్టమనిపించింది.

"ద్రాగుటిన్ గారూ, మా అమ్మ మళ్ళీ అడగమంది" అంది తేనా. ఆర్నెల్ల క్రితం చేరిన ఇంజనీరు పిల్ల. వచ్చే ఏడాది ఈ తక్కెడ ఆమెదే. "ఏ ఆట ఆడితే మంచిదట? అవకాశాల లెక్క నేను చెప్తే వినట్లేదు. కోటిలో ఒకటన్నా పది కోట్లలో ఒకటన్నా ఆవిడకి ఒకటే."

"మీ అమ్మ గసగసాల రొట్టె చేస్తుందా?"

"చేస్తుంది. మాడుస్తుంది కూడా."

"అయితే ఇలా చెప్పు. నలభై ఐదులో ఆరు అంకెలు పట్టే ఆట ఉందే, అది నాలుగు కిలోల గసగసాలు. అందులో ఒక్క గింజకి ఎర్ర రంగు పూశారు. కళ్ళు మూసుకుని ఆ గింజే తియ్యాలి. ముప్పై తొమ్మిదిలో ఏడంటే ఏడున్నర కిలోలు. దేశాలన్నీ కలిసి ఆడే పెద్ద లాటరీ అయితే డెబ్భై కిలోలు. నా బరువంత."

తేనా అతని కోటు వైపు చూసి చూపు తిప్పేసుకుంది. ఈ ఉపమానం ఇక చెల్లదని అతనికి అప్పుడే తట్టింది.

"మునుపటి బరువు" అన్నాడు.

"మరి గీకే టికెట్లు?" తేనా గబగబా అడిగింది.

"నాలుగింటిలో ఒకటి తగులుతుంది. ఆ వచ్చిన దాంతో ఇంకో టికెట్ కొంటారు. పెద్ద లాటరీలో ఒక్కసారే ఓడిపోతారు, ఇందులో తీరిగ్గా ఓడిపోతారు. అంతే తేడా."

"మీరేం ఆడతారు?"

"ఇక్కడ పనిచేసేవాళ్ళం ఆడకూడదుగా. మా ఊళ్ళో ఫైర్ దళం వాళ్ళు నవంబరులో లక్కీ డ్రా పెడతారు. మూడు వందల టికెట్లు. అంటే బన్ను మీద చల్లే గసగసాలు. ఏటా ఒక టికెట్ కొంటాను."

"గెలిచారా ఎప్పుడైనా?"

"మొదటి బహుమతి ముప్పై ఏళ్ళలో ఒక్కసారీ లేదు. అందులో వింతేం లేదు. నాలాంటి వాళ్ళు పదిమంది ఉంటే తొమ్మిదిమంది ఖాళీ చేతులతోనే మిగులుతారు." చివరి బంతిని ట్రేలో పెట్టాడు. "డ్రా ఇవాళే."

ఒక్క మాట ఆమెకి చెప్పలేదు. గెలవాలని అతనికి చాలా ఆశగా ఉంది. బహుమతి మీద కాదు. తన అంకెకి ఎవరూ చెయ్యి వెయ్యకుండా, మిగతా రెండు వందల తొంభై తొమ్మిది చీటీల్లోంచి దానంతట అది పైకి వస్తే ఎలా ఉంటుందో ఒక్కసారి చూడాలి. ఇన్నేళ్ళూ ఎవరెవరి కోసమో కాపాడిన ఆ సంగతి తన కోసం కూడా ఒకసారి జరగాలి. వచ్చే నవంబరు మీద అతనికి నమ్మకం లేదు.

సాక్షిగా ఉండాల్సిన నోటరీ వచ్చింది. ఆమె ఎదుట బంతుల పెట్టెకి సీలు వేసి, నియమం ప్రకారం పైకి అనాల్సిన మాట అన్నాడు. "సరిగ్గా ఉన్నాయి."

మధ్యాహ్నం రైల్లో తన ఊరు బుకోవ్యె చేరాడు. స్టేషన్ నుంచి ఫైర్ దళం హాలుకి వానలో గొడుగేసుకుని నడిచేసరికి మూడుచోట్ల ఆగాల్సి వచ్చింది. హాలు నిండా బల్లలు, కొత్త ద్రాక్షసారా వాసన, తడి ఉన్ని వాసన. ఫైరింజన్ని బయటపెట్టి దాని స్థానంలో వేదిక కట్టారు. వేదిక మీద పాత వాషింగ్ మెషిన్ డ్రమ్ము, దానికి వెల్డింగ్ చేసిన పిడి. పక్కన చెక్కపెట్టెలో మొదటి బహుమతి, బ్రహ్మాండమైన టర్కీ పుంజు. పలకల సందుల్లోంచి ముక్కు బయటపెట్టి, వచ్చినవాళ్ళనందర్నీ చూసి అసహ్యించుకుంటోంది.

ద్రాగుటిన్ చొక్కా చేతులు మడుచుకుంటూ వేదిక వైపు నడిచాడు. ఏటా డ్రమ్ము తనిఖీ అతనిదే. ఖాళీ డ్రమ్ములో మోచేతిదాకా చెయ్యి పెట్టి చూస్తాడు, చీటీలు పోయిస్తాడు, పిడి తిప్పిస్తాడు. "ప్రభుత్వం వారు వచ్చారు, లేచి నిలబడండి" అని జనం ఎగతాళి చేస్తారు.

"అన్నీ అయిపోయాయన్నా, నువ్వు కూర్చో" అన్నాడు దళం నాయకుడు స్లావెక్. "సూప్ చల్లారిపోతోంది."

"చూడకుండానే?"

"మేం చూశాంలే."

రూజా వదిన అతని పళ్ళెంలో రెండు గరిటెల సూప్ పోసి, అడక్కుండానే మూడోది పోసింది. బల్ల జరపబోతే ఇద్దరు లేచి జరిపారు. టర్కీని మోసుకెళ్ళడానికి సంచీ తెచ్చావా అని ఏటా ఎవరో ఒకరు అడిగేవాళ్ళు. ఈసారి ఎవరూ అడగలేదు. ఎదురుగా బారిత్సా రొట్టె తుంచుతూ కూర్చుంది. తుంచిన రొట్టె తినట్లేదు.

ఒక్క యోజా మాత్రం మామూలుగా ఉన్నాడు. చిన్నప్పుడు ఒకే బెంచీ. పొరుగూరి పిల్లని చేసుకుని అక్కడే స్థిరపడి, ఏటా ఈ డ్రా కోసం మాత్రం వస్తాడు.

"ఒరేయ్ ద్రాగో, ఎంత చిక్కిపోయావురా, ప్రభుత్వం జీతం ఇవ్వట్లేదా? ఇదిగో, నావి పది టికెట్లు. రెండు వందల ఒకటి నుంచి రెండు వందల పది దాకా, వరుసగా." టికెట్ల పట్టీని బల్ల మీద చరిచాడు. "నీదెంత?"

"నూట పధ్నాలుగు."

"ఒక్కటేనా? పిసినారి చచ్చినోడా."

ద్రాగుటిన్‌కి ప్రాణం లేచొచ్చినట్టయింది. సూప్ సగం తాగాడు.

చిన్న బహుమతులు తీశారు. పార, పిండి బస్తా, రంపం. అంకె చదివినప్పుడల్లా హాలంతా తలలు దించి ఎవరి టికెట్ వాళ్ళు చూసుకుని, ఉసూరుమని, ఒకళ్ళనొకళ్ళు తిట్టుకున్నారు. అంతా సవ్యంగానే ఉంది. టర్కీ వంతు వచ్చేసరికి, డ్రమ్ము కీచుమంటోంది, నూనె వెయ్యాలంటూ స్లావెక్ దాన్ని వెనకగదిలోకి మోయించాడు. అకార్డియన్ వాయించేవాడు ఒక పాట అందుకున్నాడు. డ్రమ్ము కీచుమనలేదని ద్రాగుటిన్‌కి తెలుసు. అలాంటివి వినడమే అతని పని.

డ్రమ్ము తిరిగొచ్చింది. పోస్టాఫీసు ముసలమ్మ కళ్ళకి గంతలు కట్టి చీటీ తీయించారు. స్లావెక్ దాన్ని విప్పాడు.

"నూట..."

అప్పుడు చూశాడు ద్రాగుటిన్. హాల్లో ఒక్కరూ తమ టికెట్ చూసుకోవట్లేదు. మిగతా అంకె ఇంకా స్లావెక్ నోట్లోనే ఉంది. అందరి కళ్ళూ అప్పటికే తన మీద ఉన్నాయి.

"...పధ్నాలుగు."

చప్పట్లు మోగాయి, అవసరమైన దానికంటే కాస్త గట్టిగా. రూజా వదిన ఏప్రన్ అంచుతో కళ్ళు ఒత్తుకుని, ఉల్లిపాయలంటూ ఎవరికో చెప్పింది. సూప్‌లో ఉల్లిపాయలు లేవు.

అయితే తెలిసిపోయిందన్నమాట. ఆసుపత్రిలో ఎవరి కోడలో నర్సు అయి ఉంటుంది, లేదా బస్సు డ్రైవరు తను ఏ స్టాపులో దిగుతున్నాడో చూసి ఉంటాడు. ఊరంతా కూర్చుని మాట్లాడుకుని, తనకి చెయ్యగలిగింది ఏదీ కనపడక, ఇది చేశారు. అతనికి ముందు కోపమే వచ్చింది. మిగిలిన ఆ ఒక్క నిజమైన అవకాశాన్ని చేతుల్లోంచి లాక్కున్నారు. లేచి వద్దు అనేద్దామనుకున్నాడు. కాళ్ళు కూడదీసుకున్నాడు.

అతని కంటే ముందు యోజా లేచాడు.

"దొంగాట! డ్రమ్ము లోపలికి ఎందుకు పోయింది? నూనె పోస్తే చీటీలకి మరకలేవి?" అకార్డియన్ ఆగిపోయింది. "నా స్నేహితుడే గెలిచాడు, సంతోషం. కానీ నేను పది టికెట్లు కొన్నాను. ఒరేయ్ ద్రాగో, నువ్వే చెప్పు, నీకు తెలియందేముంది. వెళ్ళి డ్రమ్ములో చెయ్యి పెట్టి చూడు. నువ్వు సరే అంటే నోరు మూసుకుని కూర్చుంటా."

స్లావెక్ మొహం డ్రమ్ము కంటే తెల్లగా అయిపోయింది. "ఇప్పుడెందుకన్నా..." అన్నాడు సగంలో ఆగి.

ద్రాగుటిన్ వేదిక ఎక్కాడు. మెల్లిగా చొక్కా చెయ్యి మడిచాడు. మోచేతిదాకా లోపల పెట్టి, అడుగునుంచి ఒక చీటీ తీసి విప్పాడు. నూట పధ్నాలుగు. వేళ్ళ సందున ఇంకోటి వచ్చింది. అది కూడా నూట పధ్నాలుగే. రెండూ ఒకే చేతిరాత, సున్నితంగా, బడిపిల్లల కాపీరాతలా. ఎవరో రాత్రి భోజనాలయ్యాక కూర్చుని మూడు వందలసార్లు అతని అంకె రాశారు. పదో ఇరవయ్యో రాసి ఊరుకోవచ్చు, అవకాశం బాగానే పెరుగుతుంది. వీళ్ళు అవకాశమన్నదే లేకుండా చేశారు.

హాలు అతని పెదాల వైపు చూస్తోంది. బారిత్సా రొట్టె వదిలేసింది.

"రెండు వందల ఏడు" అని చదివాడు ద్రాగుటిన్.

యోజా పట్టీ చూసుకున్నాడు. "నాదే."

"నీదే. ఇంకొక్క చీటీ తీసుంటే నీదేరా టర్కీ."

"ఏదీ, చూపించు."

"తనిఖీ చీటీ ఇంకొకరు ముట్టుకోకూడదు. నియమం." అలాంటి నియమం లేదు. చీటీలు రెండూ మడిచి డ్రమ్ములో పడేసి పిడి ఒక చుట్టు తిప్పాడు. అవి తమలాంటి వాటిలో కలిసిపోయాయి. తర్వాత జనం వైపు తిరిగి, ఉద్యోగంలో పలికే గొంతుతోనే అన్నాడు. "సరిగ్గా ఉన్నాయి."

"రెండు వందల ఏడట!" యోజా పక్కవాడి భుజం మీద చరిచాడు. "ఒక్క చీటీ తేడా! విన్నావా?" ఆ సాయంత్రమంతా కనపడ్డవాళ్ళకల్లా అదే చెప్పాడు. టర్కీ గెలిచినా అంత సంతోషించేవాడు కాదేమో. చాలాసేపటి తర్వాత వెనక బల్ల నుంచి ఎవరో ధైర్యం చేసి అరిచారు. "ద్రాగో, సంచీ తెచ్చావా?" హాలంతా నవ్వింది. ద్రాగుటిన్ కూడా నవ్వాడు, పక్క నొప్పెట్టేదాకా.

చీకటి పడకముందే అన్నాచెల్లెళ్ళిద్దరూ పెట్టెని చెరోవైపు పట్టుకుని ఇంటిదారి పట్టారు. వాన తెరిపిచ్చింది. లోపల పుంజు గునుస్తోంది.

"ఎప్పట్నుంచి తెలుసు?" అన్నాడు.

"ఏది?"

"నేను గెలుస్తానని."

బారిత్సా పెట్టెని ఆ చేతిలోంచి ఈ చేతిలోకి మార్చుకుంది. "మంగళవారం నుంచి."

"చేతిరాత నీదే కదూ."

"ఏడు నాకెప్పుడూ సరిగ్గా రాయడం రాదనేవాడివిగా. నూట పధ్నాలుగులో ఏడు లేదులే అన్నయ్యా."

"బాగా రాశావు" అన్నాడు. కాసేపటికి, "పొయ్యి రాజేస్తావా, చలిగా ఉంది" అన్నాడు.

ద్రాగుటిన్ ఫిబ్రవరిలో పోయాడు, ఒక బుధవారం పొద్దున, టీ చల్లారేలోగా. తేనా రైల్లో వచ్చింది, వాళ్ళమ్మ చేసిన రొట్టె తెచ్చింది. యోజా శవపేటిక ఒక మూల మోశాడు. టర్కీ పుంజుని కోయడానికి బారిత్సాకి చేతులు రాలేదు. అది పెరట్లో తిరుగుతూ వచ్చేపోయేవాళ్ళ మీదికి ఉరుకుతోంది.

డ్రా రోజు సాయంత్రం వాన తగ్గిందని అతను మర్చిపోయి వచ్చిన గొడుగు ఫైర్ దళం హాల్లోనే ఉంది. తలుపు పక్క మూడో కొక్కెం. నల్లది, చెక్కపిడిది, ఒక ఊచ వంగింది. ఉన్నట్టుండి వాన పట్టుకున్న రోజుల్లో జనం దానివైపు ఒకసారి చూసి, కోటు తలమీదికి లాక్కుని తడుస్తూ పరుగెడతారు. అది మాత్రం ముడుచుకుని, పొడిగా, అక్కడే వేలాడుతూ ఉంటుంది.