మందలు కలిసిన వేసవి

షల్బాత్ పోయాడన్న కబురు మా పూటకూళ్ళ ఇంటికి చేరేసరికి అతన్ని మట్టిచేసి పదకొండు రోజులయింది. కాలిఫోర్నియాలో ఎవరో గొర్రెల ఆసామి దగ్గర చివరిదాకా పనిచేశాడట. ఇల్లు నడిపే గషూషా చిక్కుడుగింజల సూపు బల్లమీద పెడుతూ ఆ సంగతి మామూలుగా చెప్పింది.

"నీకు తెలుసుగా ఆయన? ఒకే కొండమీద కాశారంటారు."

"పక్కపక్క మేతలు," అన్నాను. "ఆ ఉప్పు ఇటివ్వు."

ఉప్పయితే వేసుకున్నాను గానీ ఆ పూట తిండి సయించలేదు. నలభై ఒక్క ఏళ్ళుగా నాకు ఒకటే భయం, ఆ మనిషి నన్ను తిట్టుకుంటూ బతుకుతున్నాడని. ఇప్పుడు తిట్టుకుంటూనే పోయాడేమోనన్న భయం పట్టుకుంది. అతను నాతో చెప్పదలుచుకున్నది ఒకే ఒక్కచోట రాసి ఉంది. తోడేలు లోయలో, ఊట పక్కన, ఒక ఆస్పెన్ చెట్టు మీద. మా ఊరు ఎల్కో నుంచి ట్రక్కులో నాలుగు గంటల దారి. నేను ఒక్కసారి కూడా వెళ్ళలేదు.

స్పెయిన్ కొండల్లోంచి అమెరికా వచ్చిన మా బాస్క్ కాపరులకు కాగితం కలం ఎక్కడివి? ఆస్పెన్ బెరడు తెల్లగా, నున్నగా ఉంటుంది. దానిమీద కత్తి మొనతో వెంట్రుకంత సన్నగా గీయాలి. లోతుగా కోస్తే చెట్టు పుండుపడి అక్షరాలన్నీ ముద్దయిపోతాయి. సన్నగా గీస్తే ఆ రోజున గీసినవాడికే కనబడదు. చెట్టు లావెక్కేకొద్దీ గీత నల్లబడి, ఉబ్బి, ఏ ఐదారేళ్ళకో చదవడానికి వస్తుంది. గొడ్ల ఆసాములకు మేం గడ్డి మేపేసుకుపోయే దొంగలం, బడిపిల్లలకు మా పేర్లు నోరు తిరగవు. మేమంటూ ఈ నెవాడాలో బతికామనడానికి సాక్ష్యం ఆ చెట్లే. పేరు, పుట్టిన ఊరు, వచ్చిన ఏడు, ఆడవాళ్ళ బొమ్మలు, యజమానులమీద బూతులు, అన్నీ వాటిమీదే ఉన్నాయి.

1938లో నాకు ఇరవై ఏడేళ్ళు. రెండువేల గొర్రెలు, వాటి పిల్లలు, బెల్చా అనే నల్లకుక్క, ఒక డేరా. పదిరోజులకోసారి కంచరగాడిదల మీద సరుకులు తెచ్చేవాడు వస్తాడు, బంగాళాదుంపలు పడేసి పోతాడు. మిగతా వేసవంతా మనిషి గొంతు వినాలంటే నా గొంతే వినాలి.

గట్టుకు అవతల వేరే ఆసామి మందతో షల్బాత్ ఉండేవాడు. అతని గొర్రెల గంటలు వినబడేవి, పొద్దున్నే పొగ కనబడేది. నడిస్తే గంటన్నర. అయినా నేను పోలేదు, అతను రాలేదు. ఎందుకంటే మాలో ఒక మాటుంది. ఒంటరితనానికి మతి చెడినవాణ్ణి 'పొద పట్టినవాడు' అంటారు, సేజ్ పొదలతో మాట్లాడతాడని. పని లేకుండా ఇంకొకడి డేరాకు వెళ్ళావంటే నీకు పొద పట్టినట్టే. చలికాలం ఊళ్ళోకి దిగాక పేకాట బల్ల దగ్గర ఆ ముచ్చటే చెప్పుకుని నవ్వుతారు. నేనూ అలా ఎంతోమందిని చూసి నవ్వినవాణ్ణే. నా నవ్వే నా కాళ్ళకు అడ్డంపడింది.

ఆగస్టులో ఒకరోజు పొద్దు వాలే వేళ నా మంద ఊట వైపు జరగడం మొదలెట్టింది. తిప్పడానికి బెల్చా లేచింది. నేను ఈలవేసి దాన్ని వెనక్కి పిలిచాను. రాయిమీద కూర్చుని చూస్తూ ఉన్నాను. ముందరి గొర్రె గట్టు దాటింది, దాని వెనక రెండోది, ఇక చెప్పేదేముంది? అటువైపు నుంచి షల్బాత్ మంద ఎక్కి వస్తోంది. నా గంటలు విని వస్తోందనుకున్నాను. చీకటిపడే ముందే చిక్కుడుగింజల్లో బఠానీలు పోసినట్టు రెండూ కలిసిపోయాయి. గొర్రెల కాపరి చేయకూడని తప్పుల్లో ఇంతకు మించింది లేదు. నేను కావాలనే చేశాను.

వేరుచేయడానికి నాలుగు రోజులు పట్టింది. కర్రలతో దొడ్డి కట్టి, సన్నటి దారిలోంచి ఒక్కొక్కదాన్నీ వదులుతూ, వీపుమీద రంగు చూసి నీలంచుక్కవి నావైపు, ఎర్రచుక్కవి అతనివైపు.

"నీ గొర్రెలకి సిగ్గులేదురా, పిలవని చుట్టాల్లా దిగాయి," అన్నాడు షల్బాత్.

"నీవి మాత్రం కాదన్నాయా? ఎదురొచ్చి తీసుకెళ్ళాయి."

"మా అమ్మ చూస్తే నిన్ను కొట్టేది."

"మీ అమ్మ సముద్రం అవతలుంది. రొట్టె మాడుతోంది చూడు."

అతను గుంటలో కాల్చిన రొట్టె తీసి, కత్తితో మీద సిలువ గీసి, మొదటి ముక్క కుక్కకు వేసి, రెండోది నాకిచ్చేవాడు. ఒక్క నిమిషం నోళ్ళు మూతపడలేదు. వాళ్ళ ఊరి దగ్గర వాగులో చేపలు, మా అన్నకు కుదరని పెళ్ళి, అన్నీ మాట్లాడుకున్నాం. మూడోరోజుకు పని అయిపోవస్తుంటే అతను ఒక నీలంచుక్కను తనవైపు వదిలేశాడు. నేను చూసీ ఊరుకున్నాను. నా బతుకులో అంత సుఖంగా ఉన్న రోజులు మళ్ళీ లేవు.

ఐదోరోజు పొద్దున షల్బాత్ వాళ్ళ ఆసామి వచ్చాడు. తొక్కిసలాటలో ముప్ఫై గొర్రెపిల్లలు చచ్చిపోయి ఉన్నాయి. "ఎవడిదిరా తప్పు?" అన్నాడు. నేను నా బూట్లకేసి చూస్తూ నిలబడ్డాను.

"నాదే," అన్నాడు షల్బాత్. "నిద్రపోయాను."

అక్కడికక్కడే పనిలోంచి తీసేశారు. పక్కచుట్ట కట్టుకుని, పోయేముందు ఊట పక్కన చెట్టు దగ్గర చాలాసేపు నిలబడి కత్తి మొనతో ఏదో గీశాడు.

"ఏం రాశావ్?" అనడిగాను.

"చెట్టు చెప్పినప్పుడు చదువుకో," అన్నాడు. నా మొహం మాత్రం చూడలేదు.

అతను పోయాక వెళ్ళి చూస్తే తెల్లటి బెరడు తప్ప ఏమీ లేదు. అంతా తెలిసే నా తప్పు నెత్తినేసుకున్నాడని, తిట్టాల్సిన తిట్లన్నీ అక్కడ రాశాడని అనుకున్నాను. ఆ చలికాలం కొండ దిగాక మళ్ళీ ఎక్కలేదు. ఈ పూటకూళ్ళ ఇంట్లో కట్టెలు కొడుతూ, సారా పోస్తూ ముసలివాణ్ణయ్యాను. ఆస్పెన్ ఎనభై ఏళ్ళకు మించి నిలబడటం అరుదు. నా కళ్ళలో పొరలు కమ్ముతున్నాయి. ఇంక ఆగడానికి లేదు.

"గషూషా, రేపు నన్ను తోడేలు లోయకి తీసుకెళ్ళు."

"ఏముందయ్యా అక్కడ?"

"చెట్టు."

"మన వీధిలో లేవా చెట్లు? ఇంటినిండా మనుషులున్నారు, నాకు వంటుంది."

అలా అంటూనే తెల్లారి ట్రక్కు తీసింది. నోటికే పదును గానీ మనసుకు కాదు.

మేం లోయలోకి దిగీ దిగకముందే గుర్రంమీద ఒక మనిషి ఎదురొచ్చాడు. పెరూ దేశస్థుడు, పేరు హిలారియో, ముప్ఫై ఏళ్ళుంటాయి. ఇప్పుడు ఈ కొండల్లో కాసేది వాళ్ళే. మా ట్రక్కు దుమ్ము చూసి వచ్చాడట. ఊపిరి తిప్పుకోకుండా స్పానిష్‌లో మాట్లాడాడు, కాఫీ అన్నాడు, వాతావరణం అన్నాడు, గుర్రం పళ్ళ గురించి చెప్పాడు. ఆ జబ్బేమిటో నాకు తెలుసు.

"ఊట పక్క చెట్టా? మొన్న చలికాలం పడిపోయింది పెద్దాయనా," అన్నాడు. నా మొహం చూసి, "రాత పైకే ఉందిలే. మీ భాష నాకు రాదుగానీ రోజూ చూస్తా. పైన 'ఎర్రమున్' అని ఉంటుంది. ఎవరో మహాత్ముడి పేరేమో అనుకున్నా," అన్నాడు.

"నేనే," అన్నాను.

"మహాత్ముడే," అంది గషూషా.

చెట్టు అడ్డంగా పడి ఉంది. గషూషా మోకాళ్ళమీద కూర్చుని, చేతిరుమాలు తడిపి బెరడు తుడిచింది. నాకు నల్లటి మరకలే కనబడుతున్నాయి. ఆమె కూడబలుక్కుంటూ చదివింది.

"ఎర్రమున్. మందలు కలిపింది నేనే. కుక్కని వెనక్కి పిలిచా. ఒక్కణ్ణే ఉండలేకపోయా. మన్నించు. షల్బాత్. 1938."

చదివి నావైపు తిరిగింది. "ఏమిటిది?"

వేళ్ళతో తడిమాను. అక్షరాలు ఉబ్బి గట్టిగా తగిలాయి. మన్నించమన్న మాట దగ్గర చెయ్యి ఆగిపోయింది. అతను నన్ను తిట్టలేదు. నేనే తనను తిట్టుకుంటున్నానేమోనని ఎక్కడో కాలిఫోర్నియాలో నలభై ఒక్క ఏళ్ళు బతికాడు. వచ్చి చదివి, ఒక్క ఉత్తరం ముక్క రాసి ఉంటే సరిపోయేది. ఏడ్చాను. ఏడుస్తూనే మొత్తం చెప్పాను, నా ఈల సంగతితో సహా. ఒక మనిషికి అది చెప్పడం అదే మొదలు.

గషూషా రుమాలు పిండి మడిచింది. "నలభై ఏళ్ళు మా బల్లమీద తిన్నావు. ఒక్క ముక్క చెప్పావా?"

"నవ్వుతారని."

"నవ్వేవాళ్ళమే," అంది. "ఓ వారం నవ్వి మానేసేవాళ్ళం."

హిలారియో కాఫీ గిన్నెలు తెచ్చాడు. మా మాటలు అతనికి అర్థం కాలేదు, నా మొహం అర్థమైనట్టుంది. అతన్ని స్పానిష్‌లో అడిగాను, గట్టుకు అవతల ఎవరున్నారని.

"సతుర్నినో. మా పక్కూరివాడే. జూన్ నుంచి చూళ్ళేదు."

"గుర్రంమీద అరగంట లేదు. వెళ్ళవేం?"

అతను బూట్లకేసి చూశాడు. "ఏం పనుందని వెళ్ళను?"

"ఉప్పు కావాలని వెళ్ళు."

"ఉప్పుంది పెద్దాయనా."

"ఉన్నా అడుగు. ఒక ముసలాడు పంపాడని చెప్పు. నవ్వితే నన్ను చూసి నవ్వమను."

"మరి గొర్రెలు?"

"నేను చూస్తా."

గషూషా నన్ను ఎగాదిగా చూసింది. నాలుగు గంటల దారి, ఇంటికాడ వంట, ఈ గుడ్డివాడు గొర్రెలు కాయడం, అన్నీ ఆమె నోటిదాకా వచ్చాయని తెలుస్తూనే ఉంది. అయినా ట్రక్కులోంచి కోటు తెచ్చి నా భుజాలమీద వేసింది. హిలారియో రెండుసార్లు వెనక్కి తిరిగి చూసి, గట్టెక్కి కనబడకుండా పోయాడు.

రాయిమీద కూర్చున్నాను. గొర్రెలు నాకు తెల్లటి మసకే, గంటలు మాత్రం బాగా వినబడుతున్నాయి. పొద్దు వాలేసరికి ఆ గంటలు ఊట వైపు జరగడం మొదలెట్టాయి. హిలారియో కుక్క లేచి నిలబడి నాకేసి చూసింది. ఈలవేసి, తిప్పుకురమ్మని పంపాను.