ఇన్‌స్పెక్టరు గారింటి బీపీ

తూనికలు కొలతల ఇన్‌స్పెక్టరు గారు కొట్లోకి అడుగుపెడితే చాలు, యజమానులకు ముచ్చెమటలు పోసేవి. చెయ్యి వణికిందంటే తూకంలో మోసమున్నట్టేనని ఆయన లెక్క. రిటైరయ్యాక తనిఖీకి కొట్లు లేకుండా పోయాయి. ఇంట్లో భార్య మిగిలింది.

ఆవిడకు బీపీ కాస్త ఎక్కువని డాక్టరు అనడమే తరువాయి, ఆయన మిషను కొనుక్కొచ్చారు. పొద్దున్నే ఆవిడను కుర్చీలో కూర్చోబెట్టి చేతికి పట్టీ చుట్టేవారు. మెడ నిటారుగా పెట్టు, మాట్లాడకు, నిన్న కూరలో ఉప్పెందుకు తగ్గించలేదు అంటూనే మీట నొక్కేవారు. నూట అరవై వచ్చేది. మళ్ళీ నొక్కితే ఇంకా ఎక్కువ. నా మాట వింటేగా అని విసుక్కుని, డాక్టరుకు ఫోన్ చేసి చెప్పేవారు. డాక్టరు ఆయన్ని నమ్మి మాత్ర మోతాదు పెంచాడు. కొన్నాళ్ళకు మళ్ళీ పెంచాడు. భార్యను కంటికి రెప్పలా చూసుకుంటున్నానని ఆయన మురిసిపోయేవారు కూడా.

ఒక మధ్యాహ్నం ఆయన బజారు నుంచి వచ్చేసరికి ఆవిడ వంటింటి గుమ్మంలో పడి ఉంది. నుదురు చిట్లింది.

ఆస్పత్రిలో కుట్లు వేశారు. ఆయన మందులు తెచ్చేసరికి నర్సు బీపీ చూస్తోంది, ఆవిడ ఏదో చెప్పి నవ్వుతోంది. అంకె మరీ తక్కువగా ఉంది. మీ మిషను పాడైంది, మళ్ళీ చూడండి అంటూ ఆయన మంచం దగ్గరికొచ్చారు. ఆవిడ నవ్వు ఆపేసింది. మెడ నిటారుగా పెట్టింది. ఈసారి అంకె బాగా పెరిగింది.

నర్సు ఆయన్ని బయట కూర్చోమంది. కాసేపటికి డాక్టరు వచ్చి ఉన్నమాట చెప్పాడు. భయపడితే బీపీ కాసేపు పెరుగుతుంది. ఇంట్లో ఆయన చూసింది ఆ కాసేపటినే. మిగతా రోజంతా ఆవిడకు అక్కర్లేని మందు బీపీని మరీ దించేసి ఆవిడను పడేసింది.

ఆయనకు తల కొట్టేసినట్టయింది. కొట్లలో వణికిన చేతులన్నీ గుర్తొచ్చాయి.

ఇంటికొచ్చే దారిలో, కారులో అడిగారు.

"నేనంటే భయమని ఎప్పుడూ చెప్పలేదేం?"

"చెబితే దానికీ కసురుకుంటారుగా," అంది ఆవిడ మామూలుగా.

మర్నాడు ఆయన మిషను ఆవిడ ఒళ్ళో పెట్టి, బయటికొచ్చి తలుపు దగ్గరగా వేశారు. పట్టీలోకి గాలి ఎక్కుతున్న చప్పుడు వినిపించింది. ఎంతొచ్చిందన్న మాట నాలిక చివరిదాకా వచ్చింది, మింగేశారు.

"బాగానే ఉందండీ," అంది లోపల్నుంచి, అడక్కుండానే.

ఆ గొంతు ఆయనకు తెలుసు. అంతా సరిగ్గానే ఉంది సార్ అని కొట్టువాళ్ళు చెప్పే గొంతు అది. వెళ్ళి అంకె చూడాలని తలుపు మీద చెయ్యి వేశారు. తోస్తే ఆ అంకె పెరుగుతుంది. ఆవిడకు నిజంగా ఎలా ఉందో తెలుసుకునే దారిని తన చేతులతో తనే మూసేసుకున్నారు. తలుపు మీది చెయ్యి చూసుకున్నారు.

అది వణుకుతోంది.