లింబాద్రి ఎడమ చెయ్యి

నేను ఒక గ్లౌజుని. పొయ్యి మీది వేడిగిన్నె దించేదాన్ని కాను, ఆస్పత్రిలో వాడి పారేసేదాన్నీ కాను. బేస్‌బాల్ ఆటలో పిచ్చర్ ఎడమచేతికి తొడుక్కునే తోలు గ్లౌజుని. క్రికెట్ తప్ప ఇంకో ఆట ఉందంటే నొసలు చిట్లించే మీకు పిచ్చర్ ఎవరో చెప్పక తప్పదు. మీ బౌలర్ లాంటివాడే అనుకోండి. మీ వాడు పరిగెత్తుకుంటూ వచ్చి వేస్తాడు, మా వాడు నిలబడ్డ చోటు నుంచే విసురుతాడు. ఒళ్లు పొగరులో మాత్రం ఇద్దరికీ తేడా లేదు.

నేను పుట్టింది జలంధర్‌లో. విదేశాలకు పంపాలని కుట్టారు. పెద్దవాళ్ల చేతికి బిగుతుగా, పిల్లల చేతికి వదులుగా ఉన్నానని కొన్నవాళ్లు తిప్పిపంపారు. పరాయి దేశం వద్దన్న సరుకు మన బడిపిల్లలకు చాలుననుకునే పెద్దమనుషులకు ఈ దేశంలో కొదవలేదు కదా! అలా నిజామాబాద్ జిల్లా ఆర్మూరు దగ్గర ఒక సర్కారు బడికి, చెదలు పట్టిన క్యారంబోర్డుతో పాటు వచ్చి పడ్డాను. డ్రిల్లు సారు నన్ను తిరగేసి మరగేసి చూసి లింబాద్రి చేతిలో పెట్టాడు.

లింబాద్రి అప్పటికి తొమ్మిదో తరగతి. మక్కచేనులో మంచె ఎక్కి చిలకలను రాళ్లతో కొట్టడంలో ఆ ఊళ్లో వాణ్ణి మించినవాడు లేడు. చదువులో వాణ్ణి మించనివాడు లేడు.

మొదటి దసరాకే వాడి బుద్ధి నాకు తెలిసిపోయింది. వాళ్ల నాయన నాగలికి, వాళ్లమ్మ బీడీ ఆకులు కోసే కత్తెరకు పూజ చేస్తుంటే, వీడు నన్ను తెచ్చి ఆ రెండింటి మధ్య కూర్చోబెట్టాడు. పసుపు రాశాడు, బొట్లు పెట్టాడు. అక్కడితో ఆగినా బాగుండేది. గిన్నెడు కొబ్బరినూనె పోసి, బాలింతకు చేసినట్టు మర్దన చేశాడు. తోలుకు నూనె చెయ్యి తడిసేంత రాస్తే చాలు. వీడు ఏటేటా భక్తికొద్దీ తాగించాడు. పదేళ్లు తిరిగేసరికి నాలో బిగువన్నది చచ్చిపోయి, నానిన అట్టముక్కలా తయారయ్యాను. వాడేమో "నా చెయ్యికి మంచిగ కుదిరింది" అని ఊరంతా చెప్పుకుని మురిసిపోయాడు. మనిషి ప్రేమించడం మొదలుపెడితే వస్తువు బాగుపడదు.

పిచ్చర్ గ్లౌజు పని బంతి పట్టడమే అనుకుంటారు తెలియనివాళ్లు. దాని అసలు పని దాచడం. పిచ్చర్ కుడిచేతిని బంతితో సహా నా లోపల పెట్టి, ఏ బంతి వెయ్యాలో దానికి తగ్గట్టు వేళ్లు సర్దుకుంటాడు. అది బ్యాటు పట్టినవాడికి కనపడకూడదు. మా లింబాద్రి దగ్గర ఉన్నవి రెండే బంతులు. ఒకటి నేరుగా దూసుకుపోయేది. రెండోది ఫోర్క్. చూపుడువేలు, నడిమివేలు ఎడం చేసి బంతిని వాటి సందులో ఇరికించి వేస్తే, అది నేరుగా వస్తున్నట్టే వచ్చి చివర్లో దభీమని కిందికి జారిపోతుంది. ఊపినవాడు గాలిని కొడతాడు. ఊపకుండా వదిలేస్తే ఏ నష్టమూ లేదు. కానీ వదిలెయ్యాలని ముందే తెలిసేదెలా?

ఆ ఫోర్క్ చూసే, ఆరు జట్లతో కొత్తగా పెట్టిన లీగ్ వాళ్లు వాణ్ణి హైదరాబాద్ జట్టులోకి తీసుకున్నారు. వాడితో పాటు వాడి దోస్తు సాయిలునూ తీసుకున్నారు. ఇద్దరిదీ ఒకే బడి, ఒకే కంచం. సాయిలు క్యాచర్. అంటే బ్యాటర్ వెనక గొంతుకూర్చుని పిచ్చర్‌కు వేళ్లతో సైగలు చేసి, వచ్చిన బంతిని పట్టేవాడు.

సైగ చేసేది వాడే కాబట్టి ఏ బంతి రాబోతోందో వాడికి ముందే తెలుసు. అందుకే అందరికంటే ముందు వాడి కంట పడింది. ఫోర్క్ కోసం లింబాద్రి వేళ్లు ఎడం చేసిన ప్రతిసారీ, నూనె తాగి చచ్చిన నేను బుస్సుమని ఉబ్బుతాను. నేరు బంతికి ఉబ్బను. ఒకరోజు ప్రాక్టీసులో సాయిలు నావంక చూసి ముసిముసిగా నవ్వాడు. అటూ ఇటూ చూశాడు. ఒక్క మాట చెబితే సరిపోయేది. నోరు మెదపలేదు. ఆ లీగ్‌లో ఏటేటా వేలం వేసి ఆటగాళ్లను అటూ ఇటూ మారుస్తారు. ఇవాళ మనవాడు రేపు ఎదుటివాడు. అందుకని తెలిసింది దాచుకోవాలట. దీన్ని వాళ్లు లౌక్యం అంటారు. ఆ సాయంత్రం కూడా లింబాద్రి కంచంలోని కోడికాలు తీసుకుని తిన్నాడు ఆ లౌక్యుడు.

మూడో ఏడు వేలంలో సాయిలు పుణే జట్టుకు పోయాడు. ఇక చూడండి. పుణేవాళ్లు ఫోర్క్‌ను ముట్టుకోవడం మానేశారు, నేరు బంతిని చావబాదారు. నెల తిరిగేలోగా మిగతా జట్లకూ పాకింది. లింబాద్రి వాళ్లమ్మ ఫోన్ చేసి దిష్టి తగిలిందంది. భుజం జారిందన్నాడు ఫిజియో. వీడు గడ్డం గీయడం మానేశాడు, బూట్లు మార్చాడు, ఎడమ పక్కకు తిరిగి పడుకోవడం మొదలుపెట్టాడు. మార్చాల్సిన నన్ను తప్ప అన్నీ మార్చాడు.

చివరికి కోచ్ శేషగిరి ఒక మధ్యాహ్నం వాణ్ణి కూర్చోబెట్టి వీడియో చూపించాడు.

"చూడవయ్యా. ఉబ్బిందా? అది ఫోర్క్. ఇక్కడ ఉబ్బలేదు, ఇది స్ట్రెయిట్. నీ గ్లౌజే ఊరందరికీ చెప్పేస్తోంది."

లింబాద్రి చాలాసేపు ఆ తెరనే చూశాడు. "అందరికన్న ముందు ఎవలకు తెల్సి ఉంటది సార్?"

"రెండేళ్లు నీ ఎదురుగా కూర్చున్నవాడికి."

శేషగిరి కొత్త గ్లౌజు తెచ్చి ముందు పెట్టాడు. నల్లటిది, నాకంటే పెద్దది, చెక్కలా బిగుసుకుని ఉంది. "ఎల్లుండి పుణేతో ఆఖరి మ్యాచ్. అది కూడా పోయిందంటే వచ్చే ఏడాది నిన్ను ఏ జట్టూ తీసుకోదు. ఇది వేసుకో."

"అది లేకుంట నేనెన్నడు ఆడలే సార్. ఎల్లుండి సుత గదే ఏస్కుంట."

శేషగిరి తల పట్టుకున్నాడు. నాకైతే కంపరం పుట్టింది. ఇరవై ఏడేళ్లు వచ్చాయి, చేతిలో ఇంకో పని లేదు, ఊళ్లో పెళ్లాం కడుపుతో ఉంది. కళ్లతో చూసి కూడా నన్నే పట్టుకు వేలాడుతున్నాడు. ఇంతటి మొద్దును ఆ దేవుడు ఏ తీరిక లేనప్పుడు చేశాడో!

ఎల్లుండి రానే వచ్చింది. ఆట మొదలయ్యే ముందు సాయిలు వచ్చి వాటేసుకున్నాడు.

"ఏం రా లింబా, గింత సన్నగైనవ్? మంచిగ తింటలేవా?"

"తింటున్న రా" అని నవ్వాడు వీడు. ఆ నవ్వు చూసి నా ఒళ్లు మండిపోయింది.

ఆట పొడుగునా ఫోర్క్ వేసిన ప్రతిసారీ నేను యథాప్రకారం ఉబ్బాను. వాళ్లు యథాప్రకారం వదిలేశారు. ఆ రోజు నేరు బంతి పదునుగా పడటం వల్ల ఎలాగో నెట్టుకొచ్చాడు. చివరికి హైదరాబాద్ ఒక్క పరుగు ముందుంది. ఇంకొక్కడు ఔటైతే ఆట ముగుస్తుంది. కానీ పుణేవాళ్లు పరుగు దారిలోని మజిలీలైన మూడు బేసుల్లోనూ ఉరకడానికి సిద్ధంగా నిలబడి ఉన్నారు. ఒక్క దెబ్బ తగిలితే అంతా అయిపోతుంది. బ్యాటు పట్టుకుని వచ్చింది సాయిలు.

రెండు బంతులు తప్పాడు. మూడోది తప్పితే ఔట్. సరైన ఎత్తులో వచ్చిన బంతికి బ్యాట్ ఊపకుండా నిలబడ్డా తప్పినట్టే లెక్క.

లింబాద్రి కుడిచెయ్యి నాలోకి వచ్చింది. వేళ్లు ఎడం కాలేదు. రెండూ దగ్గరగానే ఉన్నాయి, నేరు బంతికి ఉన్నట్టు. అప్పుడు, పన్నెండేళ్లలో ఎన్నడూ లేనిది, వాడి ఎడమచెయ్యి నన్ను లోపలి నుంచి బయటికి నెట్టింది. కావాలని నెట్టింది. నేను ఉబ్బాను.

సాయిలు చూశాడు. వాడి భుజాలు వదులయ్యాయి. బ్యాటు భుజం మీదే ఉండిపోయింది. బంతి నడిమధ్య నుంచి నేరుగా దూసుకుపోయింది. అంపైర్ చెయ్యి లేచింది.

అందరూ అరుస్తూ పరిగెత్తుకొస్తుంటే లింబాద్రి నన్ను విప్పుకుంటూ సాయిలు దగ్గరికి నడిచాడు. నన్ను వాడి చేతిలో పెట్టాడు.

"ఏంది రా ఇది? నీ గ్లౌజు నాకెందుకు?"

"ఉంచుకో. నువ్వు సదివినంత దీన్ని ఇంకెవలు సదవలే. నాకు కొత్తది ఉన్నది."

వెనక్కి తిరిగి చూడకుండా పోయాడు. మంచి పని చేశాడు. ఆ ఎత్తు రెండోసారి పారదు, నన్ను పెట్టుకుంటే మునిగేది వాడే. నేనైనా అదే చేసేదాన్ని. ఈ మాట నాకు నేను చాలాసార్లు చెప్పుకున్నాను. చెప్పుకున్నంత మాత్రాన మంట చల్లారదు.

లింబాద్రికి జట్టు దొరికింది. సాయిలును ఆ మరుసటి ఏడు వేలంలో ఎవరూ పాడుకోలేదు. ఇప్పుడు ఆర్మూరు బస్టాండు పక్కన సెల్‌ఫోన్లు బాగుచేసే దుకాణం పెట్టుకున్నాడు. నేను వాడి వెనక అరలో, పగిలిన ఫోన్ల మధ్య ఉన్నాను. ఎవరైనా అడిగితే "మా దోస్తు ప్రేమతోని ఇచ్చిండు" అంటాడు. అబద్ధం చెప్పేటప్పుడు కూడా వాడి మొహం ఎర్రబడదు.

లింబాద్రి ఆడే రోజున గిరాకీని కూడా పట్టించుకోడు. ఫోన్ మొహానికి దగ్గరగా పెట్టుకుని, ఆ నల్ల గ్లౌజు ఎక్కడ ఉబ్బుతుందా అని కళ్లు చికిలించి చూస్తాడు. వాడి భుజం మీదుగా నేనూ చూస్తాను. అది ఉబ్బదు. లింబాద్రి గెలిచాడని తెలియగానే సాయిలు ఫోన్‌ను బల్ల మీద బోర్లా పడేస్తాడు. నాకు మాత్రం ఇంకా చూడాలనే ఉంటుంది.