నా ఓవెన్ మీద మరిది పెత్తనం

డ్వేన్‌కి కనుబొమ్మలు లేవు. ఎండకి రాలిపోయాయని ట్రైలర్ పార్కంతా చెప్పుకుని తిరుగుతున్నాడు. ఎండకి తోలు ఊడడం చూశాను గానీ, కనుబొమ్మలు కొసలు ముడుచుకుపోయి రాలడం నేనెక్కడా వినలేదు. అసలు జరిగింది నాకు తెలుసు. ట్రక్కు వెనక కట్టి లాక్కెళ్లే నా ట్రైలర్ ఇంట్లో, నా ఓవెన్ ముందు, నా కళ్లెదుటే జరిగింది. మీట తిప్పి గ్యాస్ వదిలేసి, అప్పుడు లైటర్ కోసం సొరుగులన్నీ వెతికి, తీరిగ్గా వచ్చి నిప్పు పెట్టాడు. బుస్సుమని మంట బయటికొచ్చి మొహం నాకి వెళ్లింది. కనుబొమ్మలతో సరిపోయింది కాబట్టి బతికిపోయాడు. లేచి నిలబడి, నుదురు తడుముకుని, అతనన్న మొదటి మాట ఇది: "ఈ ఓవెన్ మంచిది కాదు, ఆర్డిత్."

అదండీ. తను బంగారం, చెడ్డదల్లా నా ఓవెన్. ఆడలేక మద్దెల ఓడన్నట్టు.

డ్వేన్ మా ఆయన మైలోకి తమ్ముడు. మైలో పోయిన వసంతంలో కన్నుమూశాడు. మిన్నెసోటాలో మా ఇల్లు అమ్మేశాను. ఎవరూ అమ్మించలేదు, నేనే అమ్ముకున్నాను. పెద్ద ఇంట్లో ఒక్కదాన్నీ మంచు తవ్వుకుంటూ కూర్చోవడం నా వల్ల కాలేదు. ఇప్పుడు నాకున్న ఇల్లల్లా ఈ ట్రైలరే. ప్రతి చలికాలం మేమిద్దరం వచ్చినట్టే, ఈసారి ఒక్కదాన్నీ ఈ అరిజోనా ఎడారికి వచ్చాను. లాక్కొచ్చింది డ్వేన్ ట్రక్కు. కాదనను, ఆ సాయం చేశాడు. కానీ బండి లాక్కొచ్చినవాడు బతుకు కూడా లాక్కుపోతానంటే ఊరుకుంటామా?

వచ్చిన రోజునుంచీ ఓవెన్ పేచీ పెట్టింది. పెద్ద మంట అంటుకోవడానికి లోపల ముందుగా వెలిగించే చిన్న దీపం మినుకుమని ఆరిపోయేది. డ్వేన్ రోజూ వచ్చేవాడు, ట్రైలర్ ముందువైపు ఉన్న గ్యాస్ సిలిండర్ తెరిచేవాడు, లోపలికొచ్చి నేలమీద బోర్లా పడుకుని తంటాలు పడేవాడు, ఓవెన్‌ని తిట్టి వెళ్లేవాడు. కనుబొమ్మలు పోయాక ఇక తిట్లు మానేసి తీర్పు చెప్పాడు.

"ఒంటరి ఆడమనిషికి గ్యాసెందుకు, చెప్పు? ఇది అమ్మేసి మిన్నెసోటాలో మా ఇంటికొచ్చెయ్. కింద గది ఖాళీగానే ఉంది. కిటికీ చిన్నదే అనుకో, హీటర్ మాత్రం బ్రహ్మాండంగా పనిచేస్తుంది."

నేను అతని నేలమాళిగలో, కుట్టుమిషను పక్కన, పాత క్రిస్మస్ చెట్టు పెట్టె పక్కన. తలుచుకుంటేనే ఊపిరాడలేదు.

మా పార్కులో ఒక అలవాటుంది. పొద్దున్నే మగవాళ్లంతా మడత కుర్చీలు ఎత్తుకొచ్చి, కాఫీ కప్పులు పట్టుకుని గుండ్రంగా కూర్చుంటారు. ఎవరి బండిలో ఏది చెడినా అక్కడ పంచాయితీ జరగాల్సిందే. నా ఓవెన్ సంగతి డ్వేన్ అక్కడ పెట్టాడు. ఒకడు లోపల సాలెగూడు ఉందన్నాడు. ఇంకొకడు వేడి కనిపెట్టే తీగ కాలిపోయిందన్నాడు. మరొకడు అసలు ఆ కంపెనీవాడే దొంగవెధవ అన్నాడు. వీళ్లలో ఒక్కడైనా వచ్చి ఓవెన్ తలుపు తీసి చూశాడా? లేదు. పిల్లికి చెలగాటం, ఎలుకకి ప్రాణసంకటం. అందరికంటే గట్టిగా "అది ప్రమాదం, ఆమెని అందులో ఉండనివ్వకూడదు" అన్నది హార్లన్. వారం తిరక్కుండా ఆ ప్రమాదాన్ని తనే కొనుక్కుంటానని డ్వేన్‌తో బేరం మొదలుపెట్టిందీ ఆ హార్లనే. నన్నడగలేదు. నా ఇంటి బేరం నా మరిదితో ఆడాడు.

రోజూ ఈ నస పడలేక ఒకరోజు నోరు జారాను. "శుక్రవారం పార్కు విందుకి ఈ ఓవెన్‌లో నేను హాట్‌డిష్ చెయ్యలేకపోతే, అమ్మేస్తాను పో" అన్నాను. డ్వేన్ ఆ మాట గట్టిగా పట్టుకున్నాడు. మా మిన్నెసోటావాళ్లు పెద్దగా అరవరు, మాటిస్తే మాత్రం తప్పరు. అది అతనికీ తెలుసు, నాకూ తెలుసు. ఆ రాత్రి నిద్రపట్టలేదు.

గురువారం పొద్దున పక్క ట్రైలర్ లవోన్ వచ్చింది. లవోన్ ఇద్దరు మొగుళ్లని సాగనంపిన మనిషి, ఎవరికీ జంకదు.

"ఏమే, మొహమేంటి అలా వేలాడేశావ్? కాఫీ అన్నా ఇస్తావా, లేక హార్లన్‌నడిగి ఇవ్వాలా?"

"గ్యాస్ ఆపేసి పోయాడు డ్వేన్. జాగ్రత్తట."

"నీకు చేతుల్లేవూ?"

ఉన్నాయి. అందులో కుడి మణికట్టు వాతంతో బిగుసుకుపోయింది. అయినా వెళ్లి సిలిండర్ మీద చెయ్యి వేశాను. ఆ మర ఒక్కపెట్టున తిరగదు నాకు. కొంచెం తిప్పడం, నొప్పికి ఆగడం, మళ్లీ కొంచెం తిప్పడం. లవోన్ వెనక నిలబడి "నువ్వూ మైలోలాగే తయారయ్యావే" అంది. మైలో కూడా అంతే మరి. నత్త నడిచినట్టు తిప్పేవాడు. లోపల గిన్నె పట్టుకుని ఎదురుచూస్తూ నేను విసుక్కునేదాన్ని.

లోపలికొచ్చి పొయ్యి వెలిగిస్తే మంట నీలంగా, నిలువుగా లేచింది. కాఫీ నీళ్లు ఇట్టే మరిగాయి. లవోన్ నా మొహం చూసింది, నేను లవోన్ మొహం చూశాను.

"ఓవెన్ కూడా చూద్దామా?" అంది లవోన్.

చూశాం. తలుపూ కిటికీలూ తెరిచాం. ఈ గ్యాస్ గాలికంటే బరువు, నేలమీదే పరుచుకుంటుంది, అందుకని వంగి నేల దగ్గర వాసన చూశాను. ఏమీ లేదు. గోడకి కిందుగా ఉండే గ్యాస్ అలారం మీట నొక్కితే చెవులు చిల్లులు పడేలా అరిచింది, అంటే అది బతికే ఉంది. ముందు లైటర్ వెలిగించి లోపలి గొట్టం దగ్గర పెట్టి, ఆ తర్వాతే మీట తిప్పి నొక్కి పట్టుకున్నాను. ఇది తలకిందులుగా చేసినందుకే డ్వేన్ కనుబొమ్మలు పోయాయి. చిన్న దీపం వెలిగింది. చెయ్యి వదలకుండా నొక్కే ఉంచాను. వదిలాక కూడా నిలిచింది. మీటని వేడి అంకెల దగ్గరికి తిప్పితే, కాసేపటికి కింద పెద్ద మంట మెత్తగా అంటుకుంది. ఆ సాయంత్రం ఇద్దరం అందులో కాల్చిన బిస్కట్ రొట్టెలు వేడివేడిగా వెన్న రాసుకుని తిన్నాం. ఓవెన్ తనంతట తనే బాగుపడిందనుకున్నాను. ఎందుకు బాగుపడిందో ఆలోచించలేదు. పడుకునే ముందు ఎప్పటిలాగే సిలిండర్ కట్టేశాను.

శుక్రవారం మధ్యాహ్నం వాళ్లు వచ్చారు. డ్వేన్, హార్లన్, వెనకాలే కాఫీ పంచాయితీ మొత్తం, మడత కుర్చీలతో సహా. నా పరువు పోవడం కూర్చుని చూడాలి కదా. ఓవెన్‌లో కాల్చడానికి హాట్‌డిష్ పళ్లెంలో పేర్చి సిద్ధంగా ఉంది. కింద కీమా, మధ్యలో చిక్కుడుగింజలు, పుట్టగొడుగుల సూపు, పైన వరసగా పేర్చిన ఆలూ ముక్కలు. సిలిండర్ వైపు నడిచాను.

"ఆ చేత్తోనా? జరుగు జరుగు" అని డ్వేన్ నన్ను పక్కకి తోశాడు. తోటలో నీళ్ల కుళాయి తిప్పినట్టు, ఒక్క ఊపులో ఆ మర చివరిదాకా తిప్పేశాడు. "ఊఁ, కానివ్వు."

లోపలికెళ్లి అన్నీ నిన్నటిలాగే చేశాను. దీపం మినుకుమంది, ఆరిపోయింది. మళ్లీ చేశాను, మళ్లీ ఆరింది. గుమ్మంలోంచి తలలు తొంగిచూస్తున్నాయి. వెనక ఎవరో చిన్నగా నవ్వారు. హార్లన్ అప్పుడే నా మంచం దగ్గర చేరి, టేపు తీసి కొలవడం మొదలెట్టాడు. నేనింకా నేలమీదే ఉన్నాను. నా మంచం, మైలో చివరిసారి పడుకున్న మంచం, తన భార్యకి సరిపోతుందో లేదో కొలుస్తున్నాడు.

"వదిలెయ్, ఆర్డిత్" అన్నాడు డ్వేన్, ఎంతో ప్రేమగా. ఆ ప్రేమకే ఒళ్లు మండింది.

లేచి, ఏం చెయ్యాలో తెలియక, పైన పొయ్యి వెలిగించాను. మంట గింజంత. నిన్న నిలువుగా లేచిన మంట ఇవాళ కందిగింజంత. అంటే పాపం ఓవెన్‌ది కాదు, అసలు గ్యాసే సరిగ్గా రావడం లేదు. సిలిండర్ అదే. గొట్టం అదే. పొయ్యి అదే. నిన్నటికీ ఇవాళ్టికీ తేడా ఒక్కటే, తిప్పిన చెయ్యి.

అప్పుడు అర్థమైంది. ఎక్కడైనా గొట్టం తెగి గ్యాస్ ఒక్కసారిగా ఉరికితే, దాన్ని ఆపడానికి సిలిండర్ మూతి దగ్గర ఒక కాపలా ఉంటుంది. మర ఒక్కపెట్టున తెరిస్తే గొట్టమే తెగిందనుకుని అది మూసుకుంటుంది, చుక్కలు చుక్కలుగా తప్ప వదలదు. మైలో నత్తలా తిప్పింది అందుకే. నా మణికట్టు నొప్పి నిన్న నాకు చేసిన మేలు అదే. ఇన్నాళ్లూ నా ఓవెన్‌ని చంపింది ఈ మహానుభావుడి బలమైన చెయ్యి.

"అందరూ బయటికి" అన్నాను.

"ఏమైంది?"

"బయటికి, డ్వేన్. హార్లన్, ఆ టేపు మడుచుకుని నువ్వు కూడా. నా మంచం కొలతలు నీకెందుకు?"

నా నోట అలాంటి మాట వాళ్లెప్పుడూ వినలేదు. వెళ్లారు. మీటలన్నీ ఆపాను. వెళ్లి సిలిండర్ కట్టేశాను. తలుపులన్నీ తెరిచిపెట్టి మెట్టు మీద కూర్చున్నాను, లోపలి గ్యాస్ పోవాలి, ఆ కాపలా తిరిగి సర్దుకోవాలి కదా. కుర్చీల్లోంచి సలహాలు వస్తూనే ఉన్నాయి. సాలెగూడు, తీగ, కంపెనీవాడు. డ్వేన్ అటూ ఇటూ తిరుగుతున్నాడు.

"నేను తెరుస్తానన్నానుగా."

"నువ్వు తెరిచినందుకే ఇదంతా. దాని మీద చెయ్యి వేశావంటే ఈసారి కనుబొమ్మలతో పోదు."

ఒకాయన కాఫీ కప్పు నోటి దగ్గరే ఆగిపోయింది. "ఎండకన్నావు కదయ్యా?" అన్నాడు డ్వేన్‌తో. డ్వేన్ టోపీ కళ్లమీదికి లాక్కున్నాడు.

లేచి వెళ్లి, కొంచెం తిప్పాను, ఆగాను, మళ్లీ కొంచెం తిప్పాను. ఈసారి ఆగింది నొప్పికి మాత్రమే కాదు. లోపలికెళ్లి నేల దగ్గర వాసన చూశాను, లైటర్ ముందు వెలిగించాను, మీట నొక్కి పట్టుకున్నాను. దీపం నిలిచింది. వేడి పెట్టాక పెద్ద మంట నీలంగా అంటుకుంది. హాట్‌డిష్ లోపల పెట్టి, తలుపు వేసి, బయటికొచ్చి మళ్లీ మెట్టు మీద కూర్చున్నాను. కాసేపటికి ఆలూ ఎర్రగా వేగుతున్న వాసన కుర్చీలదాకా వెళ్లింది. హార్లన్ తన కుర్చీ మడుచుకుని పోయాడు.

డ్వేన్ మాత్రం పోలేదు. మెట్టు దగ్గరికి వచ్చి నిలబడ్డాడు.

"నువ్వు ఒక్కదానివీ ఇందులో... రేప్పొద్దున్న నీకేమైనా అయితే, మైలోకి నేనేం సమాధానం చెప్పను?"

ఆ మాట నటన కాదు, నాకు తెలుసు. అన్నని పోగొట్టుకున్నవాడు. అయినా నా కోపం తగ్గలేదు. నా భయం, నా ఇల్లు, నా మొగుడికి చెప్పుకోవాల్సిన సమాధానం, అన్నీ తనవే అనుకుంటున్నాడు.

"నువ్వేం చెప్పనక్కర్లేదు" అన్నాను. "నాకేమైనా అయితే మైలోని ముందు కలిసేది నేనే కదా. నా సంగతి నేనే చెప్పుకుంటాను."