నైట్ డ్యూటీ దిగి వచ్చిన సాక్షి

బ్యాంకుల డబ్బు మోసే వ్యానులో గార్డుకి తుపాకీ లైసెన్సు రెన్యువల్ కాలేదంటే ఉద్యోగం ఊడినట్టే. రెన్యువల్ కుదరదంటూ వచ్చిన ఉత్తర్వులో కారణం ఒక్క ముక్కలో తేల్చేశారు: దరఖాస్తుదారు కోపిష్టి, ఇంట్లో నిత్యం గొడవలేనని పొరుగువారు చెప్పారు.

గార్డు ఆ కాగితం పట్టుకుని మంచం మీద కూలబడ్డాడు.

"నువ్వు కోపిష్టివా? కూరలో ఉప్పు మర్చిపోయినా కిక్కురుమనకుండా తినేస్తావే!" అని భార్య అరిచింది.

అరవడమంటే నిజంగానే అరిచింది. ఆ ఇంట్లో అందరూ అంతే. గార్డు తండ్రి బట్టల మిల్లులో మగ్గాల మోత మధ్య బతుకంతా గడిపి, చెవులు అక్కడే వదిలేసి వచ్చాడు. మిల్లు క్వార్టర్లలో పుట్టి పెరిగినవాళ్లకి గొంతు తగ్గించడం చేతకాదు. మిల్లు మూతపడి ఈ వీధికి మారాక కూడా "నాన్నా, స్నానం!" అంటే చివరి ఇంటి కుక్క లేచి కూర్చుంటుంది.

గోడకు అవతల ఒక నర్సు ఉంటుంది. రాత్రంతా ఆసుపత్రిలో పనిచేసి పగలు నిద్రపోయే మనిషి. విచారణకు వచ్చిన కానిస్టేబుల్ తట్టింది ఆమె తలుపే. ఆ సంగతి తెలిసి గార్డు భార్య వెళ్లి అడిగితే, నర్సు ముఖం పాలిపోయింది.

"అప్పుడే కన్ను మూతపడింది వదినా. పక్కింటివాళ్లు ఎలాంటివాళ్లన్నాడు. తెల్లారితే ఒకటే గొడవ, ఎప్పుడో ఒకర్నొకరు చంపుకుంటారన్నాను. పడుకుంటే చాలనుకుని నోటికొచ్చింది అనేశాను. తుపాకీ కోసమని నాకేం తెలుసు?"

"కోర్టుకెక్కాలంటున్నారు. మరిప్పుడేం చెయ్యమంటావు?"

"అదిగో, మళ్లీ అరుస్తున్నావు."

"అరవడం లేదమ్మా, మాట్లాడుతున్నా!"

నర్సుకి నవ్వొచ్చింది, ఆ వెంటనే కళ్లు చెమర్చాయి. "నేను కోర్టుకొచ్చి చెబుతాను వదినా" అంది.

వకీలు మాత్రం పెదవి విరిచాడు. "పోలీసులకొకటి చెప్పి కోర్టులో ఇంకోటి చెబితే ఆవిణ్ణి నిలబెట్టి ఉతికేస్తారు. వస్తుందని ఆశ పెట్టుకోకండి." గార్డూ పెట్టుకోలేదు. పక్కింటివాడి కోసం నలుగురిలో చీవాట్లు తినేదెవరు?

వాయిదా రోజున ఆమె యూనిఫాం కూడా మార్చుకోకుండా, ఎర్రబడ్డ కళ్లతో వచ్చింది. ప్రభుత్వ వకీలు వదలలేదు.

"అప్పుడు అబద్ధం చెప్పారా, ఇప్పుడు చెబుతున్నారా?"

"అప్పుడు తెలియక వాగానండీ. మోత విన్నాను గానీ మాటలు వినలేదు. తర్వాత గోడకు చెవి పెట్టి విన్నాను. 'నాన్నా, మాత్ర వేసుకున్నావా? అటు తడిగా ఉంది, జారతావు.' ఇవీ వాళ్ల గొడవలు. నా నోటి దురుసుకి ఆయన ఉద్యోగం పోకూడదు."

జడ్జిగారు బెంచీ మీదున్న ముసలాయన వైపు తిరిగారు. "మీ అబ్బాయి మిమ్మల్ని తిడతాడా?"

ముసలాయన కొడుకు ముఖం చూశాడు. గార్డు అలవాటు కొద్దీ లేచాడు.

"నాన్నా! నేను నిన్ను తిడతానా అని అడుగుతున్నారు!"

బంట్రోతు చేతిలోంచి ఫైలు జారిపడింది. వరండాలో జనం తొంగిచూశారు.

"ఏంట్రా గొణుగుతావు? గట్టిగా చెప్పి చావు!" అన్నాడు ముసలాయన, అంతకన్నా గట్టిగా.

జడ్జిగారు కళ్లజోడు తీసి నవ్వు ఆపుకోలేకపోయారు. ఈ మనిషి మీద ఏ కేసూ లేదని, నిద్రమత్తులో ఉన్న ఒక్కరి మాట పట్టుకుంటే విచారణ అయిపోదని, తిరస్కరణ కొట్టేస్తున్నామని, లైసెన్సు రెన్యువల్ చేయాలని చెప్పారు.

తిరుగు బస్సులో నర్సు గార్డు భార్య పక్కన కూర్చుంది. "చెల్లీ, నువ్వు చేసిన మేలు..." అని ఆమె మొదలుపెట్టేలోపే నర్సు తల ఆమె భుజం మీద వాలిపోయింది.

ముందు సీట్లో ముసలాయన వెనక్కి తిరిగి నోరు తెరిచాడు. కోర్టులో ఏం తేలిందో ఆయనకింకా ఎవరూ చెప్పలేదు. గార్డు చప్పున పెదవుల మీద వేలు పెట్టుకున్నాడు. లేని తుపాకీని భుజాన వేసుకున్నట్టు చేసి, నవ్వి, నర్సును చూపించాడు.

ముసలాయనకు అర్థమైంది. నిద్రపోతున్న ఆ పిల్లకు రెండు చేతులూ ఎత్తి దండం పెట్టాడు.

వాళ్లు దిగాల్సిన స్టాపు వచ్చింది. ఎవరూ లేవలేదు. బస్సు చివరిదాకా వెళ్లి, మళ్లీ వెనక్కి వచ్చేదాకా ఆ ఇంటిల్లిపాదీ నోరు మెదపలేదు.