ఐలవ్వ ఎడమ బుగ్గ

చొప్పదండి ముత్తయ్య నోరు తెరిస్తే వాడకట్టులోని కోళ్ళు కూడా మేత మానేసి వచ్చి వినేవట. ఈ సంగతి చెప్పింది ముత్తయ్యే కాబట్టి ఎంతవరకు నమ్మాలో మీ ఇష్టం. నలభై ఏళ్ళు మగ్గం మీద పూల అంచులు నేసిన మనిషి. ఓసారి తువ్వాల అంచున చిలకను నేస్తే, పిల్లి నిజం చిలకే అనుకుని ఎగిరి నోట కరుచుకుందట. తువ్వాల చిరిగితే చిరిగింది గానీ, పిల్లి మాత్రం మూడు రోజులు పచ్చదారం తుమ్మిందట.

మోకాళ్ళు మొరాయించి మగ్గం దిగి ఐదేళ్ళయింది. చేతులు ఖాళీ అయ్యేసరికి వాటి పని కూడా నోరే చేస్తున్నదని భార్య కిష్టవ్వ అంటుంది.

బిడ్డ నవనీతను ఆదిలాబాద్‌లో ఇచ్చారు. వియ్యంకుడు హనుమండ్లు అక్కడ జిన్నింగు మిల్లులో మేస్త్రీ. ముత్తయ్య ఏం చెప్పినా ఆయన జవాబు ఒకటే: "గప్పాలు!" అంటే, అన్నీ కోతలేనని. పోనీ, అది ముత్తయ్యతో ఆగిపోతే బాగుండేది. కూరలో ఉప్పు సరిపోయిందని నవనీత చెప్పినా, "గప్పాల ముత్తయ్య బిడ్డవు గదా, నాలికె మీద ఏసుకున్నంకనే నమ్ముత" అంటాడు. నవ్వుతూనే అంటాడు. నవనీత కూడా నవ్వుతుంది, కానీ ఆ నవ్వు చెంపల దాకా పోదు. ముత్తయ్య అది చూశాడు.

దసరా వెళ్ళాక ఆదిలాబాద్ పోయినప్పుడు హనుమండ్లు కొత్త ఇల్లు కట్టిస్తున్నాడు. నడిమింటి గోడకు ఒక మేకు అప్పటికే కొట్టి ఉంది, పటం మాత్రం లేదు.

"కాయ్ సాంగూ బావా," అన్నాడు హనుమండ్లు, సగం మరాఠీ సగం తెలుగు ఆదిలాబాద్ అలవాటు. "ఏమని చెప్పాలె? మా అవ్వ ఫోటువ పెడ్దామని మూడు స్టూడియోలల్ల దింపిచ్చిన. మూడూ వాపస్ చేసింది."

ఆయన తల్లి ఐలవ్వకు ఎనభై దాటాయి. ఎడమ బుగ్గన చిన్నప్పుడు పొడిపించుకున్న మూడు పచ్చబొట్టు చుక్కలు. గడప పక్కన కూర్చుని చిక్కుడుకాయలు తుంచుతూనే అంది: "గవి నా ఫోటువలా? ఎవలో ముసలిది నా చీర కట్టుకొని కూసున్నది."

"ఇంకెట్లుంటవే అవ్వా!" అని కొడుకు మొత్తుకున్నాడు.

"నా మొకం నాకెర్క లేదారా? రోజూ సూసుకుంటలేనా?"

అక్కడ ఊరుకుంటే ఈ కథే లేదు. ముత్తయ్య ఊరుకోలేదు. "ఫోటువలోల్లతోని ఏమైతది బావా! మనిషిని దించాలంటే నూలుతోని దించాలె. ఒక్కొక్క గడి లెక్కవెట్టి దారంతోని అత్త మొకం తెస్త సూడు."

"గప్పాలు!"

ఈసారి నవనీత లోపలికి వెళ్ళిపోయింది. ముత్తయ్యకు ఎక్కడో గుచ్చుకుంది.

"షర్తు గడుదాం బావా. కార్తీకంల కొత్తింట్ల పాలు పొంగిస్తున్నవు గదా, గా దినం పటం తెస్త. అత్త సూసి 'గిది నేనే' అనాలె."

"అనకపోతే?"

"ఏడాది దాక నీ ఇంట్ల ఒక్క కథ చెప్ప. మంచినీళ్ళు అడుగుడు దప్ప నోరు తెరువ."

హనుమండ్లు కళ్ళు మెరిశాయి. "అరె వా! అంటేనో?"

"అంటే ఏడాదంత నేనేం చెప్పినా కూసోని 'ఊ' కొట్టాలె. గప్పాలన్న మాట నీ నోట్లకెళ్ళి రావద్దు. నన్నేగాదు, నా బిడ్డను గూడ అనద్దు."

చేతిలో చేయి పడింది. బయల్దేరేటప్పుడు నవనీత తన ఫోన్‌లో ఐలవ్వ ఫోటో ఒకటి తీసి, చొప్పదండిలో ఉన్న చిన్నాన్న కూతురు జమునకు పంపింది. "బాపూ, గీ ఒక్కసారన్న అన్నది అన్నట్టు జెయ్యే" అంది తండ్రి చేతిసంచి సర్దుతూ.

జమునకు బస్టాండు దగ్గర మ్యాచింగ్ సెంటర్ ఉంది. మధ్యాహ్నాలు ఆడపిల్లలకు గళ్ళబట్ట మీద అడ్డకుట్టు నేర్పుతుంది. ఇంటూ గుర్తులా ఒక గీత మీద ఇంకో గీత, అంతే ఆ కుట్టు. ఫోన్‌లో ఫోటో వేస్తే గళ్ళ కాగితంగా మార్చి ఇచ్చే యాప్ కూడా ఆమె దగ్గర ఉంది. నవనీత పంపిన ఫోటోలో ఐలవ్వ కన్నా వెనకున్న కూలరే పెద్దగా పడింది. పక్కన ఒక కోడి కూడా ఉంది. జమున కూలర్‌ను, కోడిని కత్తిరించేసి ముఖం, కొంగు మిగిల్చింది. మీట నొక్కితే రెండు వందల గడుల వెడల్పు, తొంభై రెండు రంగులు చూపించింది ఫోన్.

"అత్త మొకంల గిన్ని రంగులు హోలీ నాడు గూడ ఉండయి," అన్నాడు ముత్తయ్య. "గిది కుట్టేసరికి గోడకు నా పటమే కడ్తరు."

"కొత్తగ నేర్సుకునేటోళ్ళకు పన్నెండు రంగులు సాలు పెద్దబాపూ. అడ్డం ఎనభై గడులు. ఎన్క గోడంత ఖాళీ ఇడుద్దాం."

రంగులు తగ్గించగానే ముఖం తేటపడింది గానీ పచ్చబొట్టు చుక్కలు మాయమయ్యాయి. చిన్నచిన్న వాటిని ఫోన్ మింగేస్తుందని జమున చెప్పింది. "గా చుక్కలు లేకపోతే అత్తనే లేదు," అని ముత్తయ్య పట్టుబట్టాడు. చివరికి అచ్చు తీసిన కాగితం మీద పెన్నుతో మూడు గడులు నింపి, అవి ఆకుపచ్చ అని రాసిచ్చింది. ఆ కాగితం మీద ముఖం కనబడదు. అన్నీ సున్నాలు, త్రికోణాలు, చుక్కలు. ఒక్కో గుర్తుకు ఒక్కో రంగు.

"బట్టను నాలుగు మడతలు వెట్టు, మడతలు కలిసిన కాడ నడుమ. కాయితం నడిమి గడికెళ్ళి మొదలువెట్టు. ఆరు పోగుల దారంలకెళ్ళి రెండు పోగులే గుంజుకో. అన్ని ఇంటూలల్ల మీది గీత ఒక్క దిక్కే వాలాలె, యాదుంచుకో."

"నాకు నేర్పుతున్నవా బిడ్డా? నేను పిలిస్తే దారం లేసొచ్చి సూదిల దూరుతది."

ఆ మధ్యాహ్నం దారం ఆయన పిలుపు వినలేదు. రెండు జతల కళ్ళద్దాలు ఒకదాని మీద ఒకటి పెట్టుకుంటే, పావుగంటకు కిష్టవ్వ వచ్చి దూర్చిపెట్టింది. మూడో రోజు నుదురు పూర్తయింది. సగం గీతలు ఇటు, సగం అటు వాలాయి.

"అత్త నుదురు మీద నాగలి దున్నినవా?" అంది కిష్టవ్వ.

నుదురంతా విప్పి మళ్ళీ కుట్టాడు. ఆ తర్వాత చేతులకు దారి దొరికింది. పొద్దున్నే అరుగు మీద బట్టకు రింగు బిగించి కూర్చుంటే ఎండ కాళ్ళ మీదికి వచ్చేదాకా లేచేవాడు కాదు. మగ్గం దిగాక మొదటిసారి, ఎవరైనా పలకరిస్తే "ఉండు, లెక్క తప్పుతది" అన్నాడు. ముత్తయ్య మాట్లాడటం లేదంటే ఒంట్లో బాగాలేదేమోనని ఇద్దరు ముగ్గురు వచ్చి చూసి పోయారు. ఐదు వేల పైచిలుకు ఇంటూలు. ముప్పై ఆరో రోజుకు గళ్ళబట్ట మీద ఐలవ్వ కొంగు కప్పుకుని, పెదవి బిగించి కూర్చుంది. దగ్గరికి పోతే గడులు, నాలుగడుగులు వెనక్కి నడిస్తే మనిషి. ముత్తయ్య రోజుకు పదిసార్లు వెనక్కి నడిచి, తులసి గద్దెకు గుద్దుకున్నాడు.

పాలు పొంగించడం ఇంకా రెండు రోజులుందనగా పటం కట్టించడానికి జమున దగ్గరికి తెచ్చారు. జమున మురిసిపోయి, పక్కన ఫోన్‌లో అసలు ఫోటో పెట్టి చూసింది. ఫోన్‌ను దగ్గరికి జరిపి మళ్ళీ చూసింది.

"పెద్దబాపూ, చుక్కలు అటుపోయినయేంది?"

ముత్తయ్య రెండు కళ్ళద్దాలూ సర్దుకున్నాడు. ఫోటోలో ఎడమ బుగ్గన ఉన్న పచ్చబొట్టు, కుట్టులో కుడి బుగ్గన ఉంది. చుక్కలే కాదు, కొంగు, పాపట, జారిన చెవి తమ్మె, అన్నీ అటువి ఇటు, ఇటువి అటు.

తప్పు ఎక్కడ జరిగిందో ఆయనకు వెంటనే తెలిసింది. మగ్గం మీద పూల అంచు బోర్లా పడుకుని పుడుతుంది. పువ్వు ముఖం కిందికి, నేసేవాడికి కనిపించేది వీపు. అందుకని కాగితంలో ఎడమన ఉన్న గడిని చేయి కుడిపక్క వేస్తుంది, కుడిదాన్ని ఎడమపక్క. నలభై ఏళ్ళు అలా వేసిన చేతులు ముత్తయ్యను ఒక్క మాటైనా అడగకుండా ఈ నెలంతా అదే పని చేశాయి. సున్నాలూ త్రికోణాలే ఉన్న కాగితం ఎలా పట్టుకుంటుంది తప్పును!

"మూడు సుక్కలే గదా, ఇప్పి ఇటు కుడ్దాం," అంది జమున.

"కొంగు, చెవి అటే ఉంటె, సుక్కలు ఒక్కటే ఇటొస్తె గా బుగ్గ ఎవలిదైతది బిడ్డా?"

"తిరగేసి కట్టియ్యి మరి," అంది కిష్టవ్వ. తిరగేశారు. వెనకవైపు దారపు కొసలన్నీ వేలాడుతూ ఐలవ్వకు బొడ్డుదాకా గడ్డం మొలిచింది. మళ్ళీ తిరగేశారు.

పోకుండా ఉండొచ్చు. జ్వరమని కబురు పంపొచ్చు. కానీ "అన్నది అన్నట్టు జెయ్యే" అన్న బిడ్డ మాట సంచిలోంచి వినబడుతున్నట్టే ఉంది. ఉన్నదాన్ని ఉన్నట్టే పటం కట్టించి, కాగితం చుట్టి, కరీంనగర్‌లో బస్సెక్కారు. జగిత్యాల దాటాక ముత్తయ్య పక్కసీటు మనిషి వైపు తిరిగాడు. రేపటి నుంచి ఏడాది దాకా వియ్యంకుడింట్లో నోటికి తాళం. ఆ ఏడాది సరుకంతా ఇప్పుడే దించేయాలి. చిలక, పిల్లి అయిపోయాయి. ఆదిలాబాద్ చలిలో గ్లాసులో చాయను కొరికి తిన్న సంగతి అయింది. నిర్మల్ వచ్చేసరికి నాలుగు వరసల వాళ్ళు మెడలు తిప్పి వింటున్నారు. దిగాల్సిన మనిషి ఒకడు దిగడం మర్చిపోయాడు. ఘాట్ రోడ్డు ఎక్కేటప్పుడు కిష్టవ్వ అంది: "జర ఊపిరి దీస్కో. బస్సు గూడ తీస్కుంటున్నది."

కొత్తింట్లో పాలు పొంగాయి. చుట్టాలు తినడానికి కూర్చోకముందే హనుమండ్లు చేతులు రుద్దుకుంటూ వచ్చాడు. "ఏది బావా, మా అవ్వ?"

హనుమండ్లే కాగితం విప్పాడు. నవ్వడానికి తెరిచిన నోరు అలాగే ఉండిపోయింది. దారంలో తల్లి బిగించిన పెదవి చూసి ఒక అడుగు వెనక్కి వేశాడు. తర్వాత తల్లిని చూశాడు, పటాన్ని చూశాడు, పడీపడీ నవ్వాడు.

"అరె, పచ్చబొట్టు కుడికొచ్చింది! బావా, మా అవ్వను ఎడమకెళ్ళి కుడికి నూకినవ్ గదనే!"

అందరూ నవ్వారు. చాయ్ పళ్ళెంతో నవనీత గడపలోనే ఆగిపోయింది. ముత్తయ్య తల దించుకుని, అన్న మాట ప్రకారం, మంచినీళ్ళు అడిగాడు.

"ఇటియ్యుండ్రి," అంది ఐలవ్వ.

పటం ఒళ్ళో పెట్టుకుంది. చుక్కల మీద వేలు పెట్టింది. "నా డబ్బ తే నవనీతా." డబ్బాలోంచి రోజూ తల దువ్వుకునే గుండ్రటి అద్దం తీసింది. అద్దంలోకి చూసింది, పటంలోకి చూసింది, మళ్ళీ అద్దంలోకి చూసింది. బిగించిన పెదవి మెల్లగా విడింది.

"గిది నేనే."

"అవ్వా, చుక్కలు అటు..."

"నీకేమెర్క? ఎనభై ఏండ్ల సంది నా మొకం నేను సూసుకుంటలేనా? అద్దంల సుక్కలు గీ దిక్కే ఉంటయి. నీ ఫోటువలోల్లే ముగ్గురికి ముగ్గురు గటు నూకిండ్రు. ఒక్కడన్న సక్కగ తెచ్చిండు." అద్దాన్ని పటం పక్కన పట్టుకుని కొడుకును వెనక్కి రమ్మంది. హనుమండ్లు తల్లి భుజం మీదుగా వంగి చూశాడు. అద్దంలో ఐలవ్వ, దారంలో ఐలవ్వ, ఇద్దరికీ చుక్కలు ఒకే వైపున ఉన్నాయి.

నవనీత చాయ్ పళ్ళెం పెట్టడానికి చోటు వెతుక్కుంటూ, కొంగుతో ముఖం తుడుచుకుంది. తండ్రి వైపు చూసిన చూపుకు ఆయన పళ్ళన్నీ బయటపడాలి. కానీ ఆయనకు గొంతులో ఏదో అడ్డం పడింది. తీరా చూస్తే అది నిజం. అంతకు ముందెప్పుడూ పడలేదు కాబట్టి గుర్తుపట్టడానికి కొంచెం సేపు పట్టింది.

"బావా," అన్నాడు, "నేను కావాల్నని చెయ్యలే. మగ్గం అలవాటుకు చేతులు ఉల్టా కుట్టినయి. మొన్ననే చూసిన. జమున చెప్పెదాక నాకు ఎర్కనే లేదు."

హనుమండ్లు ఆయన్ను కిందికీ పైకీ చూశాడు. అద్దం సంగతి ముందే కనిపెట్టి, నెల రోజులు ఎవరికీ చెప్పకుండా దాచి, ఇప్పుడు ఏమీ తెలియనట్టు కూర్చున్నాడని ఆయన లెక్క. ఇంత పెద్ద గప్ప ఈయన ఇదివరకెప్పుడూ కొట్టలేదు. గప్పాలన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. గడపలో నవనీత నడుము మీద చేయి పెట్టుకుని మామ నోటివైపే చూస్తోంది.

హనుమండ్లు గుటక మింగి, పటాన్ని మేకుకు తగిలించి వచ్చి, వియ్యంకుడి పక్కన చాప మీద కూర్చున్నాడు.

"ఊ," అన్నాడు.